గసగసాలు దాటని సరిహద్దు

మొన్న శుక్రవారం ఇక్కడ కువైట్‌లోనే, ఫర్వానియాలో మా అల్లుడి గదికి పోతే, అతను ఫోను చేతిలో పట్టుకుని, కువైట్ నుంచి రియాద్ దాకా రైలుమార్గం వేస్తారట, దాని పొడవునా గోదాములూ కార్ఖానాలూ లేస్తాయట, పొద్దున ఎక్కిన సరుకు మధ్యాహ్నానికల్లా అక్కడ దిగుతుందట అని చదివి వినిపించాడు. "ఇంక బార్డర్‌లో ఆపేదే ఉండదంట మామా, ఖలాస్" అన్నాడు. నేను నమ్మలేదు. ఆపకుండా పోనిచ్చే సరిహద్దును నేనెక్కడా చూడలేదు. చూశామని ఎవరైనా అంటే వాళ్ళు మనకేదో అమ్మజూస్తున్నారని నా అనుమానం.

మన వయసువాళ్ళకు గుర్తుండే ఉంటుంది, ఆ రెండు పట్నాల నడుమ సరుకంతా ట్రైలర్ల మీదే పోయేది. నేను షుఐబా రేవులో లోడెత్తుకుని, సరిహద్దులో కదలని బండ్ల వరుసలో టైరు నీడన వండుకు తిని, రియాద్ చేరేవాణ్ణి. అప్పటికి నాకు అక్షరం రాదు, ఈ నాలుగు ముక్కలు రాసే విద్య నలభై దాటాక గదిలోవాళ్ళ పక్కన కూర్చుని నేర్చుకున్నది. డబ్బా మీద ఏం రాసినా నాకొకటే గనుక ముక్కునూ నాలుకనూ నమ్ముకున్నాను, మనుషుల్ని మాత్రం నమ్మలేదు. మనవాళ్ళే ఇచ్చిన పచ్చడి సీసాలో ఏదో దొరికి జైలుకు పోయిన డ్రైవర్ల సంగతులు ప్రతి టీకొట్టులోనూ వినిపించేవి. అందుకే మా రాయచోటి డ్రైవర్లలో ఒక కట్టుబాటు ఉండేది. మూట ఇచ్చిన మనిషి అందరి ముందూ దాన్ని విప్పి, ఒక చిటికెడు తాను తిని చూపించాలి, ఆ తర్వాతే అది బండెక్కుతుంది.

నాకు చెల్లెలి వరసయ్యే ఒకామె ఇక్కడ ఒక ఇంట్లో పనిచేసేది, ఆమె మొగుడు రియాద్‌లో గోడలు కట్టే బేల్దారి. ఇద్దరికీ ఒకేసారి సెలవు దొరికితే తప్ప ఒకరినొకరు చూసుకునే దారి లేదు, అది దొరికేది కాదు. ఒకరోజు అతనికి పంపమని కూర మసాలా తెచ్చి, చిటికెడు నోట్లో వేసుకుని నవ్వింది. మిగతా డ్రైవర్లు సరేనన్నారు గానీ నా ముక్కు ఒప్పుకోలేదు. ఏమేమి వేశావని అడిగితే ధనియాలు, చెక్క, లవంగం, ఎండుకొబ్బరి అని వరసపెట్టి, ఊర్నుంచి ఎవరో పెట్టెలో తెచ్చిన గసగసాలు కూడా దొరికాయని మురిసిపోతూ చెప్పింది. గసగసాలు లేని మాంసం కూర మన ఇళ్ళలో ఉండదు, సౌదీలో మాత్రం అవి మత్తుమందు కిందే లెక్క. తిని చూపించే కట్టుబాటు విషాన్ని పట్టుకుంటుందేమో గానీ తిండిని ఎట్లా పట్టుకుంటుంది? దొరికితే నేను జైల్లో, నా పెళ్ళాం పిల్లలు వీధిలో. మూటంతా మోరీలో పోసి నీళ్ళు వదిలాను.

"మా ఇంటి మసాలా దొంగసరుకా అన్నా? నన్నే అనుమానిస్తాండావా?" అంది.

అవునన్నాను. ఏడ్చుకుంటూ పోయింది. ఈయన్ను కస్టమ్స్‌లో పెట్టుకోక వాళ్ళు నష్టపోయారని తోటి డ్రైవర్లు ఎగతాళి చేశారు.

ఇంక రాదనుకున్నాను. నెల తిరక్కముందే మళ్ళీ దంచిన మసాలాతో వచ్చి, మూట నా ముందు పరిచి కూర్చుంది. వాసన చూశాను, వేళ్ళతో నలిపాను, పంటికింద వేసుకున్నాను. ఇంతమంది ఉండగా నాకే ఎందుకిస్తావని అడిగాను, అందులోనూ ఏదో మతలబు ఉందనే అనుమానంతోనే.

"నమ్మేటోని చేతికిస్తే, దోవలో ఇంకొకడు దాంట్లో ఏమన్నా పెట్టినా వాడు చూడడు. నువ్వు నన్నే నమ్మవు, ఇంగెవుర్ని నమ్ముతావన్నా?" అంది.

వాళ్ళిద్దరూ ఊరు చేరేదాకా ఆ మసాలా నా బండిలోనే పోయింది, ప్రతిసారీ విప్పే చూశాను. గసగసాలు లేక కూర చప్పగా ఉందని రియాద్‌లో ఆ మొగుడు ప్రతిసారీ నన్నే తిట్టేవాడు.

రైలు వస్తే రానీ. పెట్టెలో ఏముందో యంత్రాలు చూస్తాయట, చూడనీ. ఇప్పటి గదుల్లో పై మంచం వాడిది ఏ ఊరో కింద మంచం వాడికి తెలియదు, అడిగితే మనకెందుకులే పెద్దాయనా అంటారు. నమ్మడానికే కాదు, ఒక మనిషిని గట్టిగా అనుమానించడానికి కూడా ఆ మనిషి వరస, ఆ మనిషి వంట తెలిసి ఉండాలి. ఇప్పుడు ఎవరూ ఎవరినీ అనుమానించడం లేదు, నాకు అదే బెంగగా ఉంది.