నిమిషం ముందు పడిన గోలు

అసూయ అనేది పైకి చెప్పుకోలేని జబ్బు. పంటి నొప్పయితే బుగ్గ పట్టుకుని తిరుగుతాం, నలుగురూ అయ్యో అంటారు. తోడల్లుడి మీద కడుపుమంటగా ఉందని ఎవడు చెప్పుకుంటాడండీ? పరుపులాయన కూడా చెప్పుకోలేదు. ఆ ఏడు ఫుట్‌బాల్ సీజను నడిచినన్నాళ్ళూ ఆయన మొహం చూసినవాళ్ళకి మాత్రం వేరే చెప్పాల్సిన పని లేకపోయింది.

పరుపులాయనని పేరేగానీ ఆయన పరుపులొక్కటే కుట్టడు. సోఫాలకి కొత్త రెగ్జిను తొడుగుతాడు, బస్సు సీట్లకి ఫోము మారుస్తాడు, కుంగిపోయిన కుర్చీ తెస్తే దాని కడుపు కోసి స్ప్రింగులు సరిచేసిస్తాడు. పని చేసేప్పుడు నోట్లో గుప్పెడు మేకులుంటాయి. ఒక్కోటీ నాలికతో బయటికి తోసుకుంటూ సుత్తితో కొడతాడు కాబట్టి పగలు మాటలు తక్కువ. మేకులు తీశాక ఆయన్ని ఆపడం ఎవరి తరమూ కాదు. ఇంటి ముందు గది కొట్టు, వెనక రెండు గదులు కాపురం, మధ్యలో చెక్క గోడ. వెనక భార్యా, ఆమె తండ్రీ ఉంటారు.

ఆ తండ్రిని ఊరంతా జెండా మావయ్య అంటుంది. వయసులో ఉండగా ఆయనకి మిల్లులో ఉద్యోగం, ఆదివారమైతే మైదానంలో లైన్స్‌మన్ పని. గీత వెంబడి పరిగెత్తడం, ఎవడైనా ఆఫ్‌సైడ్ అయితే జెండా ఎత్తడం. మిల్లు జట్టంటే ఆయనకి ప్రాణం. కానీ జెండా చేతిలో ఉన్నవాడు ఎవరి వైపూ చప్పట్లు కొట్టకూడదు కదా! మిల్లు జట్టు గోలు కొట్టినప్పుడల్లా పళ్ళు బిగబట్టి నిలబడేవాడట పాపం. "జెండా అప్పగించేశాక గొంతు చించుకుని అరుస్తాను, చూస్తూ ఉండండి" అనేవాడు. తీరా ఆ రోజు వచ్చేసరికి నీటికాసులొచ్చి రెండు కళ్ళూ పోయాయి. ఒకసారి మైదానానికి తీసుకెళ్ళారు. చుట్టూ జనం హోరే గానీ బంతి ఎక్కడుందో తెలియలేదు. ఇంటికొచ్చి గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

ఆ మనిషిని లేపి కూర్చోబెట్టింది పరుపులాయనే. ఇది ఎవరూ కాదనలేని మాట. ఊళ్ళో ఉన్న చిన్న రేడియో స్టేషను ఆదివారం మధ్యాహ్నం లీగు మ్యాచీలు మైదానం నుంచి నేరుగా వినిపిస్తుంది. కానీ దాని శక్తి అంతంత మాత్రం. పాత రేడియోకి రాగి తీగ చుట్టి, ఆ తీగ కొసని కిటికీ ఊచకి కట్టి, ఊచని ఒక మనిషి చేత్తో పట్టుకుని కూర్చుంటేనే పలుకుతుంది. చెయ్యి తీశామా, గరగర. పరుపులాయన ఆట అయిపోయేదాకా ఊచ పట్టుకుని కూర్చునేవాడు. అంతటితో ఆగాడా? ఓ చెక్క మీద పల్చటి ఫోము పరిచి, పైన పచ్చ రెగ్జిను తొడిగి, ఏకంగా ఓ మైదానమే కుట్టేశాడు. గీతలున్న చోటల్లా వేలికి తగిలేలా లోపల తాడు పెట్టి కుట్టిన పైపింగు, రెండు కొసలా వలగుడ్డతో గోలుపోస్టులు, బంతికి బదులు ఓ సోఫా బొత్తాం. ఒక చేత్తో ఊచ పట్టుకుని, రెండో చేత్తో మావయ్య వేలు పట్టుకుని, కామెంటరీ ఎటు పోతే బొత్తాన్ని అటు నడిపించేవాడు.

"నా కళ్ళు ఎక్కడికీ పోలేదమ్మాయ్, నీ మొగుడి చేతికొచ్చాయంతే" అనేవాడు మావయ్య కూతురితో. ఆ మాట విన్న రోజు పరుపులాయన ఏనుగెక్కినట్టు తిరిగేవాడు.

ఏనుగు దిగాల్సిన రోజూ వచ్చింది. మావయ్య రెండో కూతురూ, ఆమె భర్తా అదే వీధిలోకి కాపురం మార్చారు. ఈ చిన్నల్లుడు లిఫ్టులు బాగుచేస్తాడు. మనిషి మంచివాడే. అదే వచ్చిన చిక్కు, చెడ్డవాడైతే తిట్టుకుని ఊరుకోవచ్చు. మొదటి ఆదివారమే ఫోను పట్టుకుని వచ్చి, "మావయ్యా, రేడియో స్టేషను వాళ్ళకి యాప్ కూడా ఉందండీ. ఇది చెవిలో పెట్టుకోండి ఓసారి" అన్నాడు.

మావయ్య పెట్టుకున్నాడు. మొహం వెలిగిపోయింది.

"అబ్బ! పక్కన కూర్చుని చెబుతున్నట్టుంది! గరగర లేదు, పాడూ లేదు. బంతిని తన్నిన చప్పుడు కూడా వినబడుతోంది అల్లుడూ!"

కొత్తొక వింత, పాతొక రోత అని ఊరికే అన్నారా? ఇన్నాళ్ళూ అల్లుడూ అంటే పరుపులాయన ఒక్కడే పలికేవాడు. ఇప్పుడు ఆ పిలుపు ఎవరికో తెలియక మొహమొహాలు చూసుకోవాల్సి వచ్చింది. పోనీ పైకే పెట్టమందామంటే ఆ ఫోను అదివరకే లిఫ్టు గుంతలో పడి స్పీకరు పోయిందట, ఇక చెవి తీగలే గతి. తీగకి బుడిపెలు రెండు. ఒకటి మావయ్య చెవిలో, రెండోది చిన్నల్లుడి చెవిలో. మూడో మనిషి గాలి పీల్చుకుంటూ కూర్చోవాలన్నమాట.

"అన్నయ్యా, మీరు కాసేపు నడుం వాల్చండి. ఇన్నాళ్ళూ ఊచ పట్టుకుని పట్టుకుని చెయ్యి పడిపోయుంటుంది" అన్నాడు చిన్నల్లుడు. ప్రేమగానే అన్నాడు. పుండు మీద కారం ఎంత ప్రేమగా చల్లితే మాత్రం మండదా? అంటూనే పచ్చ మైదానం ముందుకి లాక్కుని, మావయ్య వేలు పట్టుకుని బొత్తాన్ని నడపడం మొదలెట్టాడు.

పరుపులాయనకి అరికాలి మంట నెత్తికెక్కింది. మైదానం తను కుట్టాడు. పైపింగు గుచ్చుకోకుండా అంచులు లోపలికి మడిచి, దబ్బనం వేలిలో దిగినా లెక్క చెయ్యకుండా కుట్టాడు. దాని మీద ఇప్పుడు లిఫ్టు గ్రీజు మరకల వేళ్ళు! నోరు తెరిస్తే ఏమంటాడో తనకే భయమేసి, రేడియో చంకన పెట్టుకుని కొట్టులోకి వెళ్ళిపోయాడు.

ఆ వారమంతా ఆయన మేకులు కొట్టిన తీరు చూడాలి. ఓ డాక్టరుగారి సోఫా చెక్క నిలువునా చీలింది. "సవతి పోరు గురించి విన్నాను గానీ తోడల్లుడి పోరు ఇప్పుడే చూస్తున్నాను" అంది భార్య. "నాకేం పోరు? నాకేం లేదు" అన్నాడు. ఆదివారం పొద్దున మావయ్య లేస్తూనే "చిన్నల్లుడు ఎన్నింటికొస్తానన్నాడు?" అని అడిగితే మాత్రం, చేతిలో సుత్తి ఠపీమని కింద పెట్టాడు.

ఆ ఆదివారం కొట్టు కిటికీకి తీగ కట్టి, ఒంటరిగా ఊచ పట్టుకుని వింటుంటే మిల్లు జట్టు గోలు కొట్టింది. లోపల్నుంచి చప్పుడు లేదు. ఇదేమిటి, గోలు పడితే మావయ్య ఉలకడే? వెళ్ళి తొంగిచూశాడు. బొత్తాం ఇంకా మైదానం నడుమనే ఉంది. కాసేపటికి, అంటే దాదాపు ఓ నిమిషానికి, ఇద్దరూ ఒక్కసారి "గోల్!" అన్నారు. అప్పుడు వెలిగింది పరుపులాయనకి. గాలిలో వచ్చే రేడియో ముందు, ఫోనులో వచ్చేది వెనక. లిఫ్టబ్బాయి గొప్ప యంత్రం నిమిషం పాచి ఆట వినిపిస్తోంది!

ఆ మాట అప్పుడే చెప్పేస్తే పోయేది. చెబుతాడా? అసూయ పట్టినవాడికి దేవుడు వరమిచ్చినా దాంతో పక్కవాడి నెత్తినే కొడతాడు. తర్వాతి గోలు రేడియోలో వినగానే తాపీగా లోపలికి నడిచి, తలుపుకి ఆనుకుని, "ఎందుకో మావయ్యా, ఇప్పుడు కుడివైపు నుంచి గోలు పడుతుందనిపిస్తోంది" అన్నాడు. పడింది.

చిన్నల్లుడు నోరు వెళ్ళబెట్టాడు. మావయ్య ఓ క్షణం ఆగి, "నీకు ఆట బాగానే పట్టుబడింది అల్లుడూ" అన్నాడు.

ఇక పట్టపగ్గాలుంటాయా! ప్రతి ఆదివారం ఇదే నాటకం. పెనాల్టీ ముందే చెప్పేవాడు, గోలీ ఎటు దూకుతాడో ముందే చెప్పేవాడు. "అన్నయ్యా, మీరు పందేలు కాస్తే మేడలు కట్టేస్తారు" అనేవాడు చిన్నల్లుడు కళ్ళింత చేసుకుని. ఆ కళ్ళు చూస్తుంటే పరుపులాయనకి కడుపు నిండిపోయేది. భార్య మాత్రం ఓ రోజు కొట్టులోకొచ్చి పట్టేసుకుంది.

"సిగ్గులేదండీ మీకు? కళ్ళు లేని మనిషి దగ్గరా మీ గారడీ?"

"ఏం చెయ్యమంటావు? ఆయన పక్కన నాకు చోటేదీ?"

"చోటు లేదని ఎవరన్నారు?"

ఆయన నోట్లో మేకులు పోసుకున్నాడు.

సీజను ఆఖరి మ్యాచి మిల్లు జట్టుకీ రైల్వే జట్టుకీ పడింది. రెండు జట్లకీ చెరో గోలు, ఆట చివరికొచ్చేసింది. కప్పు మిల్లుకొచ్చి చాలా ఏళ్ళయింది. లోపల మావయ్య కుర్చీలో నిలవలేకపోతున్నాడు. కొట్టులో పరుపులాయనకి ఊచ మీద చెయ్యి చెమట పట్టింది. అంతలో రేడియోలో కామెంటరీ చెప్పేవాడు గొంతు పగిలేలా అరిచాడు, "మిల్లు... గో...ల్!" పరుపులాయన ఇక రెండో మాట వినలేదు. ఊచ వదిలేసి లోపలికి ఒక్క దూకు దూకాడు.

"మావయ్యా! మిల్లు గోలు! మిల్లు గోలు కొట్టేస్తుంది చూడండి!"

మావయ్య దిగ్గున లేచాడు. జెండా పట్టుకున్నన్నాళ్ళూ మింగిన కేకలన్నీ ఒక్కసారి బయటికొచ్చాయి. చేతులు పైకెత్తి, మెడనరాలు పొంగేలా అరిచాడు. వంటింట్లోంచి కూతురు పరిగెత్తుకొచ్చింది. చిన్నల్లుడు కూడా లేచి ఎగిరాడు. ఫోనులో ఇంకా గోలు పడలేదు, అయినా ఎగిరాడు. తర్వాత అందరూ నవ్వుతూ దానికోసం ఆగారు. ఫోనులో గోలు వచ్చింది. వెనకే ఇంకో మాట వచ్చింది. లైన్స్‌మన్ జెండా ఎత్తాడు, ఆఫ్‌సైడ్, గోలు చెల్లదు.

మావయ్య చేతులు మెల్లగా దిగాయి. కుర్చీ కోసం తడుముకుని కూర్చున్నాడు. పరుపులాయన తేలు కుట్టిన దొంగలా నిలబడిపోయాడు.

"ఎప్పుడూ తప్పు చెప్పరే అన్నయ్యా, ఇవాళేమిటి?" అన్నాడు చిన్నల్లుడు అమాయకంగా.

"తప్పు చెప్పలేదు. సగం విని పరిగెత్తుకొచ్చాడు" అన్నాడు మావయ్య. "అల్లుడూ, నాకు పోయింది కళ్ళు. చెవులు ఉన్నాయి. మాటలు ఇటు అందవు గానీ, నువ్వు ఊచ వదిలి లేచిన ప్రతిసారీ గోడవతల రేడియో గరగరమంటుంది. ఆ వెంటనే నువ్వు గుమ్మంలో ఉంటావు. మొదటి రోజే తెలిసింది నాకు."

"మరి... అనలేదేం మావయ్యా?"

"ఏమనమంటావు? అంత సంబరంగా వచ్చేవాడివి. పోనీలే అనుకున్నాను." ఆ గొంతులో ఉన్నది కోపమో ఏడుపో తెలీలేదు. "కానీ ఈ సీజను మొత్తం మీద నాకు ఒక్క గోలూ పడలేదయ్యా. పడుతుందా పడదా అని గుండె పట్టుకుని కూర్చునే ఆ కాసేపే ఆట. చూపు పోయాక నాకు మిగిలింది అదొక్కటే. ప్రతిసారీ దాన్ని నువ్వు ముందే తినేసి, ఎంగిలి నాకు పెట్టావు."

పరుపులాయనకి మొహం ఎక్కడ దాచుకోవాలో తెలీలేదు. గోడవతల రేడియో గరగరమంటూనే ఉంది.

"ముందు దాన్ని కట్టేసి రా. వచ్చి ఇక్కడ కూర్చో" అన్నాడు మావయ్య, తన రెండో పక్కనున్న కుర్చీ మీద చేత్తో కొడుతూ.

పరుపులాయన కొట్టులోకి వెళ్ళాడు. కుడిచెయ్యి రేడియో మీద వేశాడు. పాడు అలవాటు, ఎడమచెయ్యి దానంతటదే ఊచ మీద పడింది. గరగర ఆగి గొంతు స్పష్టంగా పలికింది. రైల్వే జట్టు గోలు. జెండా లేదు, అడ్డు లేదు. వెంటనే ఆఖరి ఈల.

కట్టేసి లోపలికొచ్చాడు. కుర్చీలో కూర్చున్నాడు. చిన్నల్లుడు తన చెవిలో బుడిపె తీసి ఆయనకిచ్చి, "మీరే నడపండన్నయ్యా, నాకు మీ అంత నేర్పు లేదు" అని పచ్చ మైదానాన్ని ఆయన ఒళ్ళోకి జరిపాడు. పరుపులాయన మావయ్య వేలు పట్టుకున్నాడు. చెవిలో బంతి ఇంకా మిల్లు వాళ్ళ దగ్గరే ఉంది. ఉన్నట్టుండి జారింది. రైల్వే వాడు అందుకుని గీత పక్కగా పరిగెడుతున్నాడు. ఇద్దరి వేళ్ళ కిందా బొత్తాం మిల్లు గోలుపోస్టు వైపు మళ్ళింది.

"కంగారు పడకు అల్లుడూ," అన్నాడు మావయ్య, గుండె మీద చెయ్యి వేసుకుని. "మన గోలీ ఉన్నాడుగా."

"ఉన్నాడు మావయ్యా" అన్నాడు పరుపులాయన, బొత్తాన్ని వీలైనంత మెల్లగా నడుపుతూ.