సలోతే నాట్యం, శేషగిరి కెమెరా

సర్రీ నగరంలో ఏ తెలుగు పిల్ల గజ్జె కట్టినా కెమెరా పట్టేది శేషగిరే. వారమంతా ఆఫీసులో సాఫ్ట్‌వేర్ తప్పులు వెతికే ఈ మనిషి, శని ఆదివారాలు తనలో ఒక్క తప్పూ లేని కళాకారుడైపోతాడు. కూచిపూడి పిల్ల ఇత్తడి పళ్లెం ఎక్కగానే జూమ్ పాదాల మీదికి పోవాలి. తల్లులు అడిగేదీ అదే. ఇరవై ఏళ్లలో ఆయన వేళ్లకు ఇంకో దారి తెలియకుండా పోయింది.

ఆయన భార్య విశాలాక్షి వృద్ధాశ్రమంలో పనిచేస్తుంది. అక్కడ తోటి ఉద్యోగిని సలోతే, టోంగా దీవుల మనిషి. తల్లి నేర్పిన పాత నాట్యాన్ని మనవరాళ్ల కోసం వీడియో తీయించాలని సలోతే కోరిక. సోమవారం ఆమె రెండు మణికట్లకూ ఆపరేషన్. ఆ తర్వాత అవి మునుపటిలా తిరుగుతాయన్న నమ్మకం డాక్టరుకే లేదు.

"వీడియో అనకు విశాలా, డాక్యుమెంటరీ అను," అన్నాడు శేషగిరి. ఆ దీవుల పాలినీషియన్ సంస్కృతి మీద రెండు పూటలు యూట్యూబ్ చూసి, మూడో పూట దాని గురించి సలోతేకే పాఠం చెప్పాడు.

శనివారం కమ్యూనిటీ హాల్లో మూడు కెమెరాలు నిలబెట్టాడు. ఎగరేయడానికి వీల్లేదన్నా డ్రోన్ కూడా తెచ్చాడు. సలోతే చేతులకు నూనె రాసుకుని, పూలదండ వేసుకుని, దాదాపు నిలబడ్డచోటే ఆడింది. "ఈవిడ కదలదేంటి," అని గొణుక్కుంటూ ఆయన మూడు కెమెరాలనూ పాదాల మీదికి దించాడు.

ఆదివారం ఇంట్లో టీవీ మీద చూపించాడు. పదకొండు నిమిషాలు కాలివేళ్లు. మధ్యలో స్లో మోషన్‌లో మడమలు.

"నా చేతులేవి?" అంది సలోతే. "మా పాటలో మాటలన్నీ చేతులే చెబుతాయి."

"ఎమోషన్ అంతా ఫుట్‌వర్క్‌లో ఉందండీ. మీకు తెలియదు గానీ..."

"ఆవిడ నాట్యం ఆవిడకి తెలియదా?" అంది విశాలాక్షి. "తెల్లారితే ఆపరేషనండీ. ఆ పిల్లలు దీన్ని చూసి ఏం నేర్చుకుంటారు, గోళ్లు తీసుకోవడమా?"

మళ్లీ తీయమంటే శేషగిరి బ్యాటరీలు అయిపోయాయన్నాడు, వెలుతురు చాలదన్నాడు. విశాలాక్షి సోఫాను గోడకు నెట్టి ఫోను తీసింది. సలోతే తనే పాడుతూ మొదలుపెట్టింది.

"విశాలా, ఒక్కసారి పాదాలు కూడా..."

"పక్కకి జరగండి. మీ నీడ పడుతోంది."

ఆయన జరిగాడు. సలోతే కుడి మణికట్టు సగం తిరిగి ఆగింది. ఆమె పెదవి కొరుక్కుని, అదే మాట మళ్లీ పాడి, మళ్లీ తిప్పింది. ఈసారి పూర్తిగా తిరిగింది. విశాలాక్షి ఫోను కదపలేదు.