ఒంటి చెప్పుల కాపలా

నాకు భయం మా అవ్వ నుంచి, అంటే మా అమ్మ నుంచి వచ్చింది. బంగారం అక్కకిచ్చింది, భయం మాత్రం మొత్తం నాకే రాసిచ్చింది. మందమర్రిలో బొగ్గుబాయి కార్మికుల కాలనీలో మా ఇల్లు. మా నాన్న, బాపు, డ్యూటీకి బూట్లు వేసుకొని పోయేవాడు, తోలు చెప్పులు గడప పక్కన విడిచేవాడు. ఆయన తిరిగొచ్చేదాకా వాటిని ఎవరూ కదిలించకూడదు. షిఫ్టు దిగే వేళ దాటినా బాపు రాకపోతే అవ్వ పొయ్యి మీది కూర దించేసి వచ్చి ఆ చెప్పుల ఎదురుగా కూర్చునేది. ఏడ్చేది కాదు. వాటిని చూస్తూ కూర్చునేది, అంతే. నిజానికి బాపు ప్రతిసారీ వచ్చాడు. రిటైరయ్యాక చాలా ఏళ్లకు ఇంట్లో మంచం మీదనే పోయాడు. కానీ అవ్వ పక్కన కూర్చున్న ఆ పిల్లకు అవన్నీ తెలియవు కదా. ఇప్పటికీ ఎవరైనా చెప్పిన వేళకు రాకపోతే నా మనసు నేరుగా శ్మశానానికే పోతుంది, దారిలో ఎక్కడా ఆగదు.

ఇలాంటి మనిషికి నలుగురు పరదేశీయుల్ని అప్పగించడం ఎవరి తప్పో మీరే చెప్పండి. నేను పెద్దపల్లిలో ఇంగ్లీషు టీచరుగా రిటైరయ్యాను. నా దగ్గర చదువుకున్న ఒకతను కరీంనగర్‌లో కార్ల ట్రావెల్స్ నడుపుతాడు. పోయిన ఏడు ఎండలు ముదిరే వేళ ఫోన్ చేశాడు.

"మేడం, జపానోళ్లు వస్తున్రు. బాసర సూస్తరట, అంత నడిసే తిరుగుతరట. జర మీరు ఎంబడి ఉండుండ్రి. ఫికర్ చెయ్యకుండ్రి, నలుగురే."

నలుగురంటే తప్పిపోవడానికి చాలినంత మందే కదా అనుకున్నాను. అయినా ఒప్పుకున్నాను. ఇంట్లో ఊరికే కూర్చొని భయపడడం కంటే బయట తిరుగుతూ భయపడడం మేలనిపించింది.

వాళ్లకు పెద్ద ఒక ఆడమనిషి. ఎనభై దగ్గర పడి ఉంటాయి. మనిషి పిడికెడు, నడుము మాత్రం నిటారుగా ఉంది. బూడిద రంగు జపాను బట్టలు, తెల్ల మేజోళ్లు, గడ్డితో అల్లినట్టున్న చెప్పులు. ఆమె చాయ్ నేర్పే గురువు. చాయ్ కాచడానికి గురువెందుకని నాకూ అనిపించింది, మర్యాదకు ఊరుకున్నాను. మిగిలిన ముగ్గురిలో ఇద్దరు ఆమె శిష్యురాళ్లు, ఒకామె మేనకోడలు. ఇంగ్లీషు వచ్చింది ఈ మేనకోడలికే.

కారులో ఆమే చెప్పుకొచ్చింది. వాళ్ల ఊళ్లో ఏటేటా అత్తయ్య శిష్యుల్ని వెంటబెట్టుకొని పాత గుళ్లకు నడిపిస్తుందట. ప్రతి గుడి దగ్గరా కూర్చొని ఆ గుడి కథ, చేతిలో ఉన్న గిన్నె కథ, నీళ్లు ఎక్కడివో ఆ కథ చెప్పి, ఆకుపచ్చ పొడితో చాయ్ కలిపి ఇస్తుందట. ఆ దారిలో చెరువు మధ్యన ఒక దేవత గుడి ఉంది, ఒడిలో వీణలాంటి వాయిద్యం.

"ఆమె మీ సరస్వతే. ఇన్నేళ్లూ అత్తగారింట్లో చూశాం, ఈసారి పుట్టింట్లో చూద్దామంది అత్తయ్య."

ఆ మాటకు నాకు ముచ్చటేసింది. కానీ ఆ ముచ్చట బాసర చేరేదాకా కూడా నిలవలేదు. మేనకోడలు గొంతు తగ్గించి ఇంకో మాట చెప్పింది. "ఈ ఏడు అత్తయ్యకు మతిమరుపు మొదలైంది. మొన్న మా ఊళ్లో ఏటి ఒడ్డున దొరికింది. ఎందుకొచ్చిందో ఆమెకే తెలియదు. చెయ్యి పట్టుకుంటే విదిలించుకుంటుంది. మీరూ ఒక కన్నేసి ఉంచండి."

ఒక కన్నేమిటి, నా రెండు కళ్లూ అక్కడే అతుక్కుపోయాయి.

మొదట బస్టాండు దగ్గరి చాయ్ హోటల్‌లో ఆగాం. మన చాయ్ ఎలా కాస్తారో చూడాలని పెద్దామె పట్టు. పాలు పొంగి, పొడి పడి, అల్లం దంచి వేసి, గంటెతో పైకెత్తి పోస్తుంటే గుళ్లో నిలబడ్డట్టు నిలబడి చూసింది. గ్లాసు చేతికి రాగానే రెండు చేతులా పట్టుకొని, తలవంచి, గ్లాసును రెండుసార్లు మెల్లగా తిప్పి అప్పుడు తాగింది. హోటలతను నా దగ్గరికొచ్చి, "అమ్మా, గ్లాసు పలిగిందా ఏంది, గామె గట్ల తిప్పి సూస్తుంది? ఇంకోటిస్త తియ్యి," అన్నాడు. అది వాళ్ల మర్యాద అని, గిన్నెకు అందమైన వైపు తన పెదవి తగలకుండా పక్కకు తిప్పుతారని చెబితే, అతను తన గ్లాసుల వైపు చాలాసేపు చూశాడు.

అక్కడే పెద్దామె ఏదో అడిగింది. మేనకోడలు నాకు తిప్పి చెప్పింది. "గోదావరి ఎంత లోతు ఉంటుందని అడుగుతోంది."

నేను గ్లాసు కింద పెట్టేశాను. ఏటి ఒడ్డున దొరికిన మనిషి లోతు ఎందుకు అడుగుతుంది? "ఎండకాలం కదా, నీళ్లు లేవు," అన్నాను. అబద్ధం. రైలు బ్రిడ్జి కింద నీళ్లు నిండుగా ఉన్నాయి, కారులో వస్తూ అందరం చూశాం. పెద్దామె నా ముఖంలోకి చూసి తల ఊపింది.

అక్షరాభ్యాసాలకు మంచి ముహూర్తమట ఆ రోజు. గుడి ముందు ఎక్కడ చూసినా పలకలు పట్టుకున్న తల్లిదండ్రులు, ఏడుస్తున్న పిల్లలు. నాకు చెప్పుల భయం ఇంకోటి. ఇదే గుడి ముందు వెనకటికి నా కొత్త చెప్పులు పోయాయి. అప్పటి నుంచి నాదొక పద్ధతి. ఒక చెప్పు ఒకచోట, రెండోది ఇంకోచోట విడుస్తాను. ఒంటి చెప్పును ఏ దొంగా ఎత్తుకుపోడు. మన దగ్గర ఇది నేనొక్కదాన్నే చేసే పని కూడా కాదు.

అందరి చెప్పులూ విప్పించి, జతకొకటి తీసి కొబ్బరికాయలమ్మే ఆమె బల్ల కింద వరసగా పెట్టాను. ఆమె నవ్వింది. "గిదేం కథ అక్కా, తలా ఒక్కటి ఇడుస్తున్రు? రెండు ఈడ్నే పెట్టు, నేను సూసుకుంట గద."

"ఒకపారి పోయినయమ్మా నాయి, ఈడ్నే."

"పోతే మంచిదే, శని పోయిందనుకో."

నేను వినలేదు. రెండో చెప్పులన్నీ తీసుకొని సందు మలుపు తిరిగి, గోడవారగా నీళ్లు పట్టుకునే నల్ల దగ్గర పెట్టి వచ్చాను. నలుగురూ నా వెంటే వచ్చి చూశారు. శిష్యురాళ్లు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకొని నవ్వారు. పెద్దామె నవ్వలేదు. నేను పెట్టిన చెప్పుల్ని వంగి కొంచెం సర్దింది.

అప్పుడు నేను గట్టిగా చెప్పాను. "ఎవరైనా తప్పిపోతే చెప్పుల దగ్గరికి వచ్చి ఆగాలి. ఇక అక్కడి నుంచి కదలొద్దు." వేములవాడ జాతరకు పోయినప్పుడల్లా అవ్వ మాకు చెప్పిన మాట అదే. మేనకోడలు దాన్ని వాళ్ల భాషలో చెప్పింది. పెద్దామె పాఠం అప్పజెప్పే పిల్లలాగా తిరిగి చెప్పి, నాకు వంగి దండం పెట్టింది.

దర్శనం బాగానే అయింది. పసుపు ముద్దలా మెరిసే అమ్మవారి ముందు ఆమె చేతులు జోడించి కదలకుండా నిలబడిపోయింది. వెనక నుంచి జనం తోశారు. ఎవరి పిల్లవాడో పలక పడేసి కేక పెట్టాడు, నేను అటు చూశాను. ఇటు తిరిగేసరికి ఆమె లేదు.

మొదట నవ్వు ముఖం పెట్టుకొనే వెతికాను, మేనకోడలు హడలిపోకూడదని. అక్షరాభ్యాసం మంటపంలో లేదు. ప్రసాదాల వరసలో లేదు. కొబ్బరికాయల బల్ల దగ్గరికి ఉరికాం. అక్కడ మా ఒంటి చెప్పులు వరసగా ఉన్నాయి, మనిషి లేదు. "గామె రాలే అక్కా," అంది కొబ్బరికాయలామె. "వస్తె నేను ఆపకపోదునా?"

మిగిలినవాళ్లను అక్కడే ఉండమని నేను గోదావరికి ఉరికాను. ఉత్త కాళ్లతోనే. రోడ్డు పెనంలా ఉంది, నాకు తెలియలేదు. దారి పొడుగునా నా నోట్లో ఒకటే మాట, లోతు అడిగింది, లోతు అడిగింది. ఘాటు మెట్ల మీద స్నానాలు చేసేవాళ్లు, తలనీలాలు తీయించుకున్నవాళ్లు. మెట్లకు కొంత దూరంలో నీళ్ల మీద బూడిద రంగు బట్ట ఒకటి ఉబ్బి తేలుతోంది.

మెట్టు మీద కూలబడ్డాను. ఆ బట్ట మెల్లగా తిరిగింది. దాని వెనుక నుంచి పడవ నడిపేతను చెయ్యి చాపి దాన్ని లాగి, పిండి, పడవ మీద ఆరేసుకున్నాడు. అతని దుప్పటి అది. ముసలామె ఎవరైనా ఇటు వచ్చిందా అని అడిగితే, "ఎంత మంది ముసలోళ్లు వస్తలేరమ్మా, ఎవ్వరని సూడాలె?" అన్నాడు. అతన్ని కొట్టాలనిపించింది.

తిరిగి వచ్చేసరికి మేనకోడలు మైకు గదిలో ఉంది. అక్కడి ఉద్యోగి తెలుగులో ఒకసారి, మరాఠీలో ఒకసారి పిలిచాడు. "జపాన్ దేశం నుంచి వచ్చిన అమ్మగారు ఎక్కడున్నా వెంటనే చెప్పుల దగ్గరికి రావలెను." ఆ తర్వాత మేనకోడలు మైకు అందుకుంది. ఆ భాష నాకు ఒక్క ముక్క రాదు, కానీ చివర గొంతు చీలడం తెలిసింది. గుడి ముందున్న జనమంతా ఒక్క నిమిషం తలలెత్తి మైకు వైపు చూశారు.

ఎవరూ రాలేదు. నేను కొబ్బరికాయల బల్ల ముందు నేల మీద కూర్చున్నాను. ఎదురుగా గడ్డి చెప్పు ఒకటి. దాన్ని చూస్తూ కూర్చున్నాను. నేను అవ్వలాగే కూర్చున్నానని కాసేపటికి నాకే తెలిసింది. అప్పుడు వచ్చింది అసలు భయం. అవ్వ అన్నిసార్లూ ఇంత మోసిందా అనుకున్నాను.

"అక్కా, నీ కాళ్లు సూస్కున్నవా, బొబ్బలెక్కినయ్," అంది కొబ్బరికాయలామె. "చెప్పులన్న ఏస్కో. మల్ల పోలీసోళ్ల కాడికి పోవాలె గద."

నా చెప్పు ఒకటి తొడుక్కున్నాను. రెండోది నల్ల దగ్గర ఉంది. భయం పట్టిందంటే నా బుద్ధి పనిచేయదు, అప్పటిదాకా ఆ నల్ల నాకు గుర్తే రాలేదు. ఒక కాలు నేల మీద ఆనీ ఆనక, గెంతుకుంటూ సందు మలుపు తిరిగాను.

నల్ల పక్కన, గోడ నీడలో, మోకాళ్ల మీద కూర్చొని ఉంది పెద్దామె. నడుము అలాగే నిటారుగా ఉంది. ఒడిలో చాయ్ గిన్నెల మూట. ముందు మా ఒంటి చెప్పులు, అంచులు కలిపి చక్కగా సర్ది. నన్ను చూసి తల వంచింది. నేను ఆమె రెండు భుజాలూ పట్టుకొని పెద్దగా ఏడ్చేశాను. వయసులో పెద్దది, పరదేశి అనే సోయి కూడా లేదు.

నా ఏడుపు విని మేనకోడలూ శిష్యురాళ్లూ ఉరికొచ్చారు. మేనకోడలు ఏడుస్తూనే కసిరింది, పెద్దామె నిదానంగా జవాబిచ్చింది. తర్వాత మేనకోడలు నాకు ఇంగ్లీషులో చెప్పింది. "మైకులో పిలిచాను వినలేదా అంటే, విన్నానంటోంది. చెప్పుల దగ్గరికి రమ్మన్నారు, నేను చెప్పుల దగ్గరే ఉన్నాను కదా అంటోంది."

పెద్దామె ఇంకేదో అంది. మేనకోడలు కళ్లు తుడుచుకొని తిప్పి చెప్పింది.

"గుడిలో జనం తోసినప్పుడు తానెక్కడుందో, ఎవరితో వచ్చిందో ఏమీ గుర్తురాలేదట. చెప్పుల మాట ఒక్కటే గుర్తుందట. ఇక్కడికొచ్చి చూస్తే అందరివీ ఒక్కొక్కటే ఉన్నాయి. అవి ఎవరివో తెలియలేదట. కానీ ఒక్క చెప్పుతో ఎవరూ ఇంటికి పోరు కదా, ఎవరైనా సరే తప్పకుండా వస్తారు అని కూర్చుందట."

దర్శనం తర్వాత గోదావరి ఒడ్డున చాయ్ కలపాలని వాళ్ల ఆలోచనట, కానీ ఇక అక్కడి దాకా నడిచే ఓపిక ఎవరికీ లేదు. నేను బల్ల కింది చెప్పులన్నీ కొంగులో వేసుకొని తెచ్చి, అక్కడే జతలు కలిపాను. పెద్దామె మూట విప్పింది. ఫ్లాస్కులో వేడినీళ్లు, ఆకుపచ్చ పొడి, వెదురు పుల్లల చిన్న కవ్వం. పొద్దున లోతు అడిగింది కూడా చాయ్ కోసమేనట, లోతున్న చోట నీళ్లు తేటగా ఉంటాయని. ఆ ముక్క వినగానే నాకు నవ్వూ వచ్చింది, కోపమూ వచ్చింది.

మొదటి గిన్నె నాకిచ్చింది. నేను తలవంచి, రెండుసార్లు తిప్పాను. వేపాకు నూరినంత చేదు. చాయ్ తొణికితే ఆమె తన చెయ్యి గిన్నె కింద పెట్టి పట్టింది.

తాగుతున్నంతసేపూ ఆమె చూపు నా మీద లేదు, చెప్పుల మీద ఉంది. అవి ఇప్పుడు జతలుగా ఉన్నాయి. ఎవరు కావాలంటే వాళ్లు వేసుకొని వెళ్లిపోవచ్చు. ఆ చూపు నాకు తెలుసు, మందమర్రిలో మా గడప దగ్గర అవ్వ కళ్లలో చూసిందే. నేను గిన్నె కింద పెట్టి, నా జతలోంచి ఒక చెప్పు తీసి ఆమె మోకాలి పక్కన పెట్టాను.