ముందు పీరోజ్ బే

ఫార్మింగ్టన్ హిల్స్‌లో మా పై ఫ్లాట్‌లో ఒక కుర్దిష్ ఆవిడ ఉంటుంది. ఎవరి దగ్గర కొత్త వస్తువు కనబడినా "పీరోజ్ బే" అంటుంది. శుభం కలగాలని వాళ్ల దీవెన. నా కొత్త చెప్పులకి అంది, పొట్టిగా కత్తిరించుకున్న జుట్టుకి అంది, చివరికి నేను కార్‌లోంచి దింపుతున్న ప్రెషర్ కుక్కర్‌కి కూడా అంది. మొదట్లో నాకు చిరాకేసేది. మేమేమో ఆ కారు కొన్న రోజే చక్రాల కింద నిమ్మకాయలు పెట్టి, ఎవరి కళ్లూ పడకూడదని దండం పెట్టుకున్నవాళ్లం. ఈవిడ కళ్లు అన్నిటి మీదా పడేవి.

మొన్న మాకు గ్రీన్ కార్డులు వచ్చాయి.

"ఇప్పుడే ఎవరికీ చెప్పకు. మన ఫ్రెండ్స్‌లో చాలామంది ఇంకా వెయిట్ చేస్తున్నారు, ఫీలవుతారు" అన్నారు మావారు.

ఆ మాటా నిజమే. మనవాళ్లకి చెబితే ముందు "మీ ప్రయారిటీ డేట్ ఎప్పుడు?" అని అడుగుతారు. గ్రీన్ కార్డు క్యూలో ఎవరి వంతెప్పుడో తేల్చేది ఆ తేదీయే. వాళ్ల వంతు ఎప్పుడొస్తుందోనన్న బెంగ అది, తప్పుపట్టలేను. కానీ ఇన్నేళ్లు ఎదురుచూసిన సంతోషాన్ని దొంగసొత్తులా దాచుకోవడం నా వల్ల కాలేదు. రవ్వకేసరి చేశాను. చేశాక, ఎవరికి పెట్టాలో తోచలేదు. గిన్నె పట్టుకుని పైకి వెళ్లాను.

ఆవిడ తలుపు తీసి గిన్నెనీ, నా మొహాన్నీ చూసింది. "పీరోజ్ బే!" అంటూ రెండు చెంపల మీదా ముద్దు పెట్టింది. లోపలికి లాక్కెళ్లి కూర్చోబెట్టి, టీ పోసి ఇచ్చింది.

సంగతేమిటని ఆ తర్వాత అడిగింది.