ఇటుక మీద మూడు వేళ్లు

తెలంగాణ ఉద్యమం రోజులు. జగిత్యాల నుంచి కోరుట్ల వెళ్లే మా బస్సు రాస్తారోకోలో చిక్కుకుని గంటన్నరగా కదలడం లేదు. ఎండ, చెమట, బయట నినాదాలు. రోమన్ల సరిహద్దు కోట పట్టణం మీద ఓ పుస్తకం తెరిచాను, పేజీలో కోటగోడ బొమ్మ. పక్కన కూర్చున్న పెద్దావిడ నన్ను నాలుగు వాక్యాలైనా చదవనిస్తేనా!

"గీ గోడ ఏడిది బిడ్డా?"

"రోము రాజ్యంలది."

"ఎవలు కట్టిండ్రు?"

"సైనికులు. ఇటుకల మీద వాళ్ల దళం పేరు అచ్చు గుద్దేటోళ్లు."

"మరి ఇటుకలు చేసినోళ్ల పేర్లు?"

"గవి ఎవ్వలు రాయరు పెద్దమ్మా. నన్ను జర చదువుకోనియ్యి."

ఆమె ఊరుకోలేదు. "పెండ్లైన కొత్తల కోటిలింగాల తవ్వకాలల్ల తట్టలు మోసిన. పాత కోటగోడ బయటపడ్డది. ఒక ఇటుక మీద మూడు వేళ్ల గీతలున్నయి. పచ్చిగున్నప్పుడే ఎవలో గీసిండ్రు. నా వేళ్లు పెట్టి సూసిన. అచ్చం సరిపోయినయి."

అంటూనే మూడు వేళ్లు నా పుస్తకంలోని కోటగోడ బొమ్మ మీద ఆనించింది. కాగితం మీద చెమట మరక పడింది. నాకు ఒళ్లు మండిపోయింది.

"చెయ్యి తియ్యి!" అని అరిచాను.

ఆమె చెయ్యి తీసి ఒడిలో పెట్టుకుంది. కోరుట్ల రాగానే దిగి వెళ్లిపోయింది.

తర్వాత రెండుసార్లు కోటిలింగాల వెళ్లాను. తవ్వకాల్లో తట్టలు మోసిన ఒకామె కావాలని ఊళ్లో వాకబు చేశాను.

"శానమంది మోసిండ్రు మేడం. ఆమె పేరేంది?" అన్నారు.

నేను అడగలేదు.