భూములు సమానం చేయమన్న సారు

లెక్కల సారు పోయాడని ప్రొద్దుటూరు నుంచి మనమరాలు ఫోన్ చేసింది. నా కూతురి బిడ్డ, అక్కడ డిగ్రీ చదువుతోంది. "జేజీ, సారు ఇంక లేడు. వాళ్ల సొంతూరు పులివెందులకు తీసకపోతాండారు" అంది. ఆ సారుకు నేనేం చేశానో మీకు చెప్పాలి. నాకు అక్షరం రాదు. నేను చెబుతుంటే ఆ పిల్లే రాస్తోంది. మెత్తగా రాయొద్దని ముందే చెప్పాను.

జమ్మలమడుగులో మా ఎదురింట్లోనే సారు అద్దెకుండేవాడు. భార్య పులివెందులలో అత్తను చూసుకుంటూ ఉండిపోతే, ఈయన ఇక్కడి బడిలో ఉద్యోగం చేస్తూ ఒక్కడే వండుకు తినేవాడు. సాయంత్రాలు పదో తరగతి పిల్లలను పంచలో కూర్చోబెట్టి ఊరికే చదువు చెప్పేవాడు. అప్పుడు మా ఇంట్లోనే ఉండి చదువుకునే మనమరాలూ పోయేది. నేల మీది నల్ల నాపరాళ్లే ఆయనకు పలక. లెక్క అయ్యాక తన తువ్వాలుతోనే తుడిచి, దాన్ని మళ్లీ భుజాన వేసుకునేవాడు. ఆ భుజం ఎప్పుడూ సుద్దతో తెల్లగానే ఉండేది. "తెలియని అంకె పైనెక్కి కూర్చుందని జడుసుకోవద్దండి. కింద ఏముందో చూడండి" అనేవాడు.

ఒకరోజు గొర్రెలకు నీళ్లు పెడుతుంటే ఆయన గొంతు వినబడింది.

"ముందు భూములు సమానం చేయాల. అప్పుడే నీకు రావాల్సింది ఎంతో తెలుస్తాది. నీ భూమి ఎంత పాపా?"

"రెండు సార్" అంది మనమరాలు.

మాకున్నది నాలుగెకరాల చేను. కూతురికి సెంటు కూడా ఇవ్వకుండా అంతా కొడుకు పేరనే రాయించాను. ఆ ముల్లు నాలో ముందే ఉంది. బకెట్ అక్కడే పడేసి వీధిలోకి పోయాను.

"ఏం సారూ, చదువు చెప్పమంటే పంపకాలు చెప్తాండావా? మేనమామ మీదికి పిల్లను ఎగదోస్తాండావా?"

వీధంతా చేరింది. ఆయన సుద్దముక్క కింద పెట్టి నవ్వాడు.

"పెద్దమ్మా, ఇది చేను కాదు. లెక్కలో అడుగునుండే అంకెను భూమి అంటారు. సరే, నువ్వే చెప్పు. మంద ఏటికేడు రెండింతలైతాంటే, ఒక గొర్రె అరవైనాలుగు కావాలంటే ఎన్నేండ్లు?"

"ఆరు."

"నాలుగింతలైతాంటే?"

"మూడు. నాలుగింతలంటే రెండింతలు రెండుసార్లు గదా. దీనికి బడికి పోవాల్నా?"

"అంతే పెద్దమ్మా. నాలుగును రెండు మీదికి తెచ్చినావు. భూములు సమానం చేసినావు. పిల్లకు నేను చెప్తాండేదీ అదే."

నాకు అర్థమైంది. అక్కడికక్కడే, పూర్తిగా అర్థమైంది. తప్పైంది సారూ అంటే పోయేది. కానీ వీధిలో అందరూ నా నోటి వైపే చూస్తున్నారు. "గొర్రెల లెక్క గొర్రెలోళ్లకే చెప్తాండావా? మాటలు మార్చేది బాగా నేర్చినావు పో" అని పిల్ల రెక్క పట్టుకొని లాక్కొచ్చాను.

వారం తిరిగేసరికి పంచలో పిల్లలు సగమయ్యారు. భూముల తగాదాలు పెట్టే సారని పేరు పడింది. ఎండాకాలంలో ప్రొద్దుటూరుకు బదిలీ పెట్టుకున్నాడు. పోయే రోజు మా గడప దగ్గర ఆగి, "పాపను లెక్కలు మాన్పించొద్దు పెద్దమ్మా, దానికి నీ తెలివే వచ్చింది" అన్నాడు. నేను గొర్రె గిట్ట చూస్తున్నట్టు వంగే ఉన్నాను.

సారు దినాలకు పులివెందుల పోయాను. పదిమందిలో తప్పు ఒప్పుకోవాలనే పోయాను. బంతిలో వడ్డిస్తూ ఆయన భార్య నా ముందు ఆగింది.

"ఏ ఊరు పెద్దమ్మా?"

"జమ్మలమడుగు."

"ఆడ ఎవరో ఆయన్ను వీధిలో నిలబెట్టి తిట్నారంట. ఎవరని ఎన్నిసార్లు అడిగినా చెప్పలే. 'శానా తెలివైన మనిషి, నాకంటే బిరాన లెక్క కట్టింది' అని నవ్వేటోడు. నీకేమన్నా తెలుసునా?"

"తెలీదమ్మా" అన్నాను.

ఆమెకు చెప్పలేనిదే మీకు చెబుతున్నాను.

"పోనీలే. అంత దూరం నుంచి వచ్చినావు, తిను" అని గరిటెడు పాయసం వేసి ముందుకు పోయింది. అది ఆకు మీద మెల్లగా పారి అన్నం దాకా వచ్చింది. నా చేయి ఒళ్లోనే ఉంది.