అవ్వ పెట్టిన పేరు

నాయన హిందూపురంలో ఒక నూలు మిల్లులో పనిచేసేవాడు. తొంభైల చివర్లో ఒక రోజు డ్యూటీ నుంచి వచ్చి, ఛాతీలో నొప్పిగా ఉందని పడుకున్నవాడు మళ్ళీ లేవలేదు. నేనప్పుడు డిగ్రీ మొదటి సంవత్సరం. అమ్మకు నేనొక్కదాన్నే.

నెల తిరక్కముందే మిల్లు ఆఫీసు నుంచి కబురొచ్చింది. నాయనకు రావలసిన పీఎఫ్, గ్రాట్యుటీ ఇప్పిస్తామని, అమ్మకు నెలనెలా పెన్షన్ కూడా వస్తుందని, కాగితాలు తీసుకుని రమ్మని. గుమాస్తా మంచివాడు. అన్నీ ఓపిగ్గా చూసి ఒకచోట ఆగిపోయాడు. నాయన మిల్లులో రాయించిన భార్య పేరు ఒకటి, రేషన్ కార్డులో ఉన్న పేరు ఇంకొకటి.

అమ్మది ధర్మవరం, క్రైస్తవుల ఇల్లు. నాయనది పెనుకొండ దగ్గర పల్లెలో భూములున్న హిందూ కుటుంబం. ఇద్దరూ చర్చిలో పెళ్ళి చేసుకున్నప్పటి నుంచి నాయన వైపువాళ్ళు మా గడప తొక్కలేదు. నేను పుట్టినప్పుడు మాత్రం నాయన తల్లి, మా అవ్వ ఒక్కతే వచ్చి, కొన్నాళ్ళుండి, అమ్మను తనకు నచ్చిన పేరుతో పిలిచి వెళ్ళిందట. నాయన ఆ పేరే మిల్లులో రాయించాడు. అమ్మను అలా పిలిచినవాళ్ళు వాళ్ళిద్దరే. ఇద్దరూ ఇప్పుడు లేరు.

నాయన సర్వీసు కాగితాల్లో సొంతూరి చిరునామానే ఉండటంతో గుమాస్తా అడిగిన కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ కోసం పెనుకొండ మండలాఫీసుకు వెళ్ళాం. రెండు పేర్లూ ఒకే మనిషివని నాయన రక్తసంబంధీకులెవరైనా వచ్చి చెప్పాలన్నారు అక్కడ. అలాంటివాడు మిగిలింది నాయన అన్న ఒక్కడే.

అమ్మ ఒప్పుకోలేదు. "మన్నేసేదానికి రానోడు దీనికొస్తాడా? దుడ్లు రాకపోతే పోనీలే" అంది.

ఆమెకు చెప్పకుండా నేనే బస్సెక్కాను. పెద్దనాయన చేలో చెనిక్కాయ పీకిస్తున్నాడు. ఆయన్ను దగ్గరగా చూడటం అదే మొదలు. అచ్చం నాయన నడకే. నేనెవరో చెప్పాల్సిన పనే లేకపోయింది. మీయమ్మ పంపిందా అని అడిగాడు. లేదు, నేనే వచ్చానని చెప్పి సంగతంతా వివరించాను. ఏ రోజు రావాలో అడిగి తెలుసుకున్నాడు గానీ, వస్తానని మాత్రం అనలేదు.

మండలాఫీసులో మళ్ళీ రమ్మన్నారని చెప్పి ఆ రోజుకు అమ్మను బయల్దేరదీసి, పెనుకొండ బస్సులో నిజం చెప్పేశాను. ఆమె కిటికీ వైపు తిరిగి కూర్చుంది. మండలాఫీసు వరండాలో ఎదురుచూస్తుంటే మధ్యాహ్నం కావస్తుండగా ఉతికిన పంచె కట్టుకుని పెద్దనాయన వచ్చాడు. అమ్మ లేచి నిలబడింది.

ఈమె మీకేమవుతుందని ఆఫీసరు అడిగాడు.

"మా తమ్ముని పెండ్లాం సార్" అన్నాడాయన.

మరి ఈ పేర్లేమిటని ఆఫీసరు మళ్ళీ అడిగాడు.

"రెండూ ఈమెవే సార్. ఒకటి మాయమ్మ పెట్టిన పేరు. ఈ పాప పుట్టిందని తెలిసి, చూడల్లని ఆమె ఒకటే ఏడుస్తా ఉంటే, మా నాయనకు తెలీకుండా హిందూపురం బస్సెక్కిచ్చింది నేనే."

అవ్వ ఎలా రాగలిగిందో అమ్మకు అప్పటిదాకా తెలియదు. ఆయన సంతకం పెడుతున్నంతసేపూ ఆయన చేతినే చూస్తూ ఉండిపోయింది.

బయటికొచ్చాక అడిగింది. "మన్నేసిన పొద్దు ఎందుకు రాలేదు బావా?"

"వచ్చినానమ్మా. సమాధుల కాడ గేటు బయటే నిలబడుకోనుంటి. లోపలికి కాళ్ళు రాలేదు."

బస్టాండులో కూర్చున్నాక, తమ్ముడు చివర్లో ఏమన్నాడని ఆయన అడిగాడు. అమ్మ చెప్పింది. మిల్లు నుంచి ఎలా వచ్చాడో, ఏం తిన్నాడో, మంచినీళ్ళు ఎన్నిసార్లు అడిగాడో. ఆయన తల వంచుకుని విన్నాడు. మేము ఎక్కాల్సిన బస్సు వచ్చి వెళ్ళిపోయింది. ఎవరమూ లేవలేదు.

ఎండాకాలానికల్లా నాయన డబ్బు చేతికొచ్చింది, పెన్షన్ మొదలైంది. నా చదువు ఆగలేదు. ఆ తర్వాత హిందూపురంలో పని పడినప్పుడల్లా పెద్దనాయన ఇంటికొచ్చేవాడు. వేరే మాటలు తక్కువ. తమ్ముడి గురించే అడిగేవాడు. అన్నం పెడుతూ అమ్మ, ఆయన చూడని ఆ ఏళ్ళన్నీ కొంచెం కొంచెంగా చెప్పేది.